రిటైరయ్యాక యజమాని ఇవ్వని డబ్బు: గ్రాట్యుటీ, పీఎఫ్, పింఛను రాబట్టుకునే దారి

ఒక నూలు మిల్లు జీతాల విభాగంలో గుమాస్తాగా చాలా ఏళ్లు పనిచేశాను. రిటైరయ్యాక తోటి కార్మికులకు దరఖాస్తులు రాసిపెట్టడం అలవాటైంది. ఈ పని మీద వచ్చేవారి చేతిలో సాధారణంగా ఒక ప్లాస్టిక్ సంచి ఉంటుంది. అందులో ఒకే ఉత్తరానికి అయిదారు నకళ్లు: ఒకటి కలెక్టరుకు, ఒకటి ముఖ్యమంత్రికి, ఒకటి పోలీస్ స్టేషనుకు, ఒకటి పీఎఫ్ కార్యాలయానికి. "నాకు రావలసిన రిటైర్మెంటు డబ్బులన్నీ ఇప్పించగలరు" అని రాసి ఉంటుంది. అన్నిచోట్ల నుంచీ ఒకటే జవాబు, ఇది మా పరిధిలోకి రాదని. ఏడాది గడిచిపోతుంది.

తప్పు ఆ "అన్నీ" అన్న మాటలో ఉంది. రిటైర్మెంటు డబ్బు ఒకటి కాదు. ఏ డబ్బుకు ఎవరు బాకీయో తేల్చుకుంటే ఏ తలుపు తట్టాలో దానంతట అదే తెలుస్తుంది. ఈ వ్యాసం ప్రధానంగా ప్రైవేటు కంపెనీలు, ఫ్యాక్టరీలు, ఆసుపత్రులు, పాఠశాలల్లో పనిచేసి దిగిపోయినవారి కోసం. ప్రభుత్వోద్యోగుల దారి వేరు, దాని సంగతి చివర్లో కొద్దిగా చెప్తాను.

మొదటి అడుగు: బాకీదారు ఎవరో తేల్చుకోండి

గ్రాట్యుటీకి పూర్తిగా బాకీ మీ యజమానే. ఆయన ఎల్ఐసీ గ్రూప్ గ్రాట్యుటీ పథకంలో డబ్బు కట్టి ఉండవచ్చు, కట్టకపోయి ఉండవచ్చు, ఆ లెక్క ఆయనకూ ఎల్ఐసీకీ మధ్య. "ఎల్ఐసీ నుంచి ఇంకా రాలేదు" అన్నది మీకు చెప్పవలసిన జవాబు కాదు. ఈ తగవు కార్మిక శాఖ దగ్గర తేలుతుంది.

ప్రావిడెంట్ ఫండ్‌ను చెల్లించేది ఉద్యోగుల భవిష్య నిధి సంస్థ, అంటే ఈపీఎఫ్ఓ. కానీ నెలనెలా అందులో డబ్బు జమ చేయవలసింది యజమాని. మీ జీతంలో 12 శాతం కోసి, తన వాటా 12 శాతం కలిపి, మరుసటి నెల 15వ తేదీలోగా కట్టాలి. కట్టకపోతే వసూలు చేసే అధికారం ఈపీఎఫ్ఓది. కాబట్టి ఇక్కడ మీ పని ఫిర్యాదు చేసి, రుజువులు అందించి, వెంటపడటం.

పింఛను ఆ 12 శాతం యజమాని వాటాలోంచే పుడుతుంది. అందులో 8.33 శాతం 1995 నాటి ఉద్యోగుల పింఛను పథకానికి వెళ్తుంది, అదీ 15,000 రూపాయల వేతనం వరకే లెక్క. అంటే నెలకు గరిష్ఠంగా 1,250 రూపాయలు. నెలనెలా పింఛను ఇచ్చేది ఈపీఎఫ్ఓ. యజమాని తప్పు ఎక్కడ తగులుతుందంటే మీ సర్వీసు సంవత్సరాల లెక్కలో. ఇది చాలామంది 58 ఏళ్లు నిండే దాకా గమనించరు.

కొన్ని పెద్ద సంస్థలకు సొంత పీఎఫ్ ట్రస్టు ఉంటుంది. అలాంటి చోట పీఎఫ్ డబ్బు ట్రస్టు నుంచీ, పింఛను మాత్రం ఈపీఎఫ్ఓ నుంచీ వస్తాయి. ట్రస్టు పెట్టుబడులు నష్టపోయినా ప్రభుత్వం ప్రకటించిన వడ్డీకి తగ్గకుండా ఇవ్వవలసిన భారం యజమానిదే.

రెండో అడుగు: "నేను అక్కడ పనిచేశాను" అని నిరూపించే కాగితాలు

ఈ కేసుల్లో చట్టం మీద వాదన తక్కువ, తేదీల మీద వాదన ఎక్కువ. ఎప్పుడు చేరారు, ఎప్పుడు మానేశారు, మధ్యలో విరామం ఉందా, చివరి జీతం ఎంత. ఈ నాలుగింటికీ కాగితం చూపించగలిగితే సగం కేసు గెలిచినట్టే. నోటి మాట నీటి మూట అని పెద్దలు ఊరికే అనలేదు, మేనేజరు "నువ్వు మా పాత మనిషివి, నీకు అన్యాయం చేస్తామా" అన్న మాటకు వాయిదా రోజున విలువ ఉండదు.

నియామక పత్రం ఉంటే మంచిదే. చాలామందికి ఉండదు, దాని కోసం బెంగపడవద్దు. దాని స్థానంలో నిలబడేవి చాలా ఉన్నాయి. ఈఎస్ఐ కార్డు మీద బీమా నంబరు, నమోదు తేదీ ఉంటాయి. అది యజమాని స్వయంగా ఇచ్చిన వివరం కాబట్టి ఆయన కాదనలేడు. బ్యాంకు పాసుపుస్తకంలో ప్రతి నెలా జీతం పడిన వరుస, ఫ్యాక్టరీ గేటు గుర్తింపు కార్డు, బోనస్ రసీదు, సెలవు మంజూరు చీటీ, ఫారం 16, యూనియన్ చందా రసీదు, కంపెనీ వార్షికోత్సవంలో ఇచ్చిన "పదేళ్ల సేవ" జ్ఞాపిక కూడా పనికొచ్చేవే.

మిల్లులో నేను చూసిన ఒక సంగతి చెప్తాను. హాజరు పట్టీలో కొందరి పేర్లు పెన్సిలుతో రాసి ఉండేవి. పెన్సిలు పేర్లకు పీఎఫ్ లేదు. తనిఖీ ఉందని తెలిసిన రోజు రబ్బరు పని చేసేది. కానీ అదే మనుషుల పేర్లు క్యాంటీన్ కూపన్ల పుస్తకంలోనూ, రాత్రి షిఫ్టు టీ ఖర్చుల ఖాతాలోనూ సిరాతో నిక్షేపంగా ఉండేవి. వాటిని ఎవరూ చెరపాలని అనుకోలేదు. మీరు పనిచేసిన చోట అలాంటి పక్క పుస్తకం ఏదో ఒకటి ఉండే ఉంటుంది, గుర్తు తెచ్చుకోండి. దాన్ని హాజరుపరచమని అధికారి ద్వారా అడిగించవచ్చు.

యజమాని దగ్గరి రికార్డు దొరకకపోతే ఈపీఎఫ్ఓ దగ్గర ఉన్నది అడగండి. అది ప్రభుత్వ సంస్థ కాబట్టి సమాచార హక్కు చట్టం వర్తిస్తుంది. పది రూపాయల రుసుముతో మీ యూఏఎన్ (పీఎఫ్ సభ్యుడికి ఇచ్చే శాశ్వత సంఖ్య), సంస్థ కోడు రాసి, ఏ నెల నుంచి ఏ నెల వరకు మీ పేర జమ అయిందో, ఏ వేతనం మీద అయిందో ఇవ్వమని అడగండి. మీ వివరమే కాబట్టి నిరాకరించే వీలు తక్కువ. జవాబుకు గడువు 30 రోజులు. ఈ కాగితమే తరువాత పింఛను తగవులో మీ ఆయుధం.

అసలు కాగితాలు ఎవరి చేతికీ ఇవ్వవద్దు. నకళ్లే ఇవ్వండి. యజమానికి పంపే ప్రతి ఉత్తరాన్నీ స్పీడ్ పోస్టులో, అందిన రుజువు వచ్చేలా పంపండి. పాత రిజిస్టర్డ్ పోస్టును 2025లో స్పీడ్ పోస్టులోనే కలిపేశారు.

మూడో అడుగు: గ్రాట్యుటీ ఎంతో మీరే లెక్కకట్టండి

సూత్రం చిన్నది. చివరి నెల మూల వేతనం, కరువు భత్యం కలిపి 26తో భాగించి, 15తో హెచ్చించి, సర్వీసు సంవత్సరాలతో మళ్లీ హెచ్చించాలి. 26 ఎందుకంటే నెలలో నాలుగు వారాంతపు సెలవులు తీసేస్తే పనిదినాలు అన్నే కాబట్టి. 30తో భాగించి లెక్క ఇచ్చే యాజమాన్యాలు ఇంకా ఉన్నాయి. మొదట చూడవలసింది అక్కడే.

ఉదాహరణకు మూల వేతనం, కరువు భత్యం కలిపి 18,200 రూపాయలు, సర్వీసు 17 ఏళ్ల 8 నెలలు అనుకుందాం. ఆరు నెలలు దాటిన ముక్క పూర్తి సంవత్సరమవుతుంది కాబట్టి 18 ఏళ్లు. 18,200ను 26తో భాగిస్తే 700. పదిహేను రోజులకు 10,500. పద్దెనిమిదేళ్లకు 1,89,000 రూపాయలు. అదే 30తో భాగించి, ఎనిమిది నెలలను వదిలేస్తే 1,54,700 వస్తుంది. 34,300 రూపాయలు ఎక్కడ మాయమయ్యాయో ఇప్పుడు మీకు కనిపిస్తుంది.

చట్టం ప్రకారం గరిష్ఠ పరిమితి 20 లక్షలు, 2018 మార్చి 29 నుంచి. కంపెనీ నిబంధనల్లోనో యూనియన్ ఒప్పందంలోనో ఇంతకంటే మంచి లెక్క ఉంటే అదే వర్తిస్తుంది, తక్కువ లెక్క ఉంటే అది చెల్లదు.

1972 నాటి గ్రాట్యుటీ చట్టం స్థానంలో 2025 నవంబరు 21 నుంచి సామాజిక భద్రత స్మృతి అమలులోకి వచ్చింది. మీరు ఆ తేదీకి ముందే దిగిపోయి ఉంటే పాత చట్టం ప్రకారమే అడగండి. తరువాత దిగినవారికి రెండు మార్పులు మేలు చేస్తాయి. నిర్ణీత కాలపు ఒప్పందం మీద పనిచేసినవారికి అయిదేళ్ల నిబంధన లేదు, ఒక సంవత్సరం చేసినా ఆ మేరకు గ్రాట్యుటీ వస్తుంది. రెండోది వేతనం నిర్వచనం: మొత్తం ప్రతిఫలంలో సగానికి మించిన భత్యాలను వేతనంలోనే కలిపి చూడాలి. జీతం 40,000 ఉండి మూల వేతనం 12,000 మాత్రమే చూపించే ఏర్పాటు ఇక గ్రాట్యుటీ లెక్కలో నిలవదు.

శాశ్వత ఉద్యోగులకు అయిదేళ్ల నిరంతర సర్వీసు నిబంధన ఉంది. మరణం, అంగవైకల్యం సందర్భాల్లో అదీ అక్కరలేదు. నిరంతరం అంటే రోజూ అని కాదు. ఏడాదిలో 240 రోజులు పనిచేస్తే చాలు, భూగర్భ గనుల్లో 190 రోజులు. జబ్బు, సెలవు, లాకౌట్ వంటివి మీ తప్పు లేని విరామాలు. నాలుగేళ్లు పూర్తయి అయిదో ఏట 240 రోజులు దాటితే అర్హత ఉందని మద్రాసు హైకోర్టు చెప్పింది. కానీ అన్నిచోట్లా ఆ వాదన ఒకేలా చెల్లుతుందని నమ్ముకోవద్దు. చక్కెర మిల్లుల వంటి సీజను పనిలో ఒక్కో సీజనుకు ఏడు రోజుల వేతనం లెక్క.

ప్రైవేటు పాఠశాలల ఉపాధ్యాయులకు ఒక మాట. "టీచర్లకు గ్రాట్యుటీ చట్టం వర్తించదు" అని చెప్పే కరస్పాండెంటు ఇప్పటికీ కనిపిస్తాడు. 2009 సవరణ వారిని 1997 ఏప్రిల్ 3 నుంచి వర్తించేలా చట్టంలోకి తెచ్చింది. ఆ సవరణను 2022 ఆగస్టులో సుప్రీంకోర్టు సమర్థించింది. ఆ వాదన అంతటితో ముగిసింది.

నాలుగో అడుగు: ముందు యజమానికి, తరువాత అధికారికి

పాత నిబంధనల్లో యజమానికి ఇచ్చే దరఖాస్తు ఫారం "ఐ". దిగిపోయిన 30 రోజుల్లో ఇవ్వాలన్నారు గానీ, ఆలస్యమైనా హక్కు పోదు. అసలు మీరు దరఖాస్తు ఇచ్చినా ఇవ్వకపోయినా లెక్కకట్టి, 30 రోజుల్లో చెల్లించవలసిన బాధ్యత చట్టం యజమాని మీదే పెట్టింది. అయినా ఇవ్వండి, ఎందుకంటే అధికారి ముందు మొదటి ప్రశ్న "మీరు యజమానిని అడిగారా" అనే. ఆయన ఒప్పుకుంటే ఫారం "ఎల్", కాదంటే కారణాలతో ఫారం "ఎమ్" ఇవ్వాలి. చాలామంది యజమానులు మూడోది చేస్తారు, మౌనంగా ఉంటారు. మౌనం మీకు నష్టం కాదు.

దరఖాస్తులో మూడే విషయాలు రాయండి: చేరిన తేదీ, దిగిన తేదీ, చివరి వేతనం మీద మీ లెక్క. పాతికేళ్ల కష్టం, కూతురి పెళ్లి, యాజమాన్యం మీద కోపం, ఇవేవీ వద్దు. అవి నిజమే, కానీ ఆ కాగితం చదివే గుమాస్తా వెతికేది తేదీలనే.

డబ్బు రాకపోతే తరువాతి మెట్టు నియంత్రణాధికారి. ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లో మామూలు ప్రైవేటు సంస్థల విషయంలో ఈ అధికారం సాధారణంగా రాష్ట్ర కార్మిక శాఖ సహాయ కమిషనరుకు ఉంటుంది. బ్యాంకులు, గనులు, రేవులు, ఒకటి కంటే ఎక్కువ రాష్ట్రాల్లో శాఖలున్న సంస్థలైతే కేంద్ర కార్మిక కమిషనర్ల వ్యవస్థకు వెళ్లాలి. ఈ రెండింటిలో తప్పు గుమ్మం ఎక్కి ఆరు నెలలు పోగొట్టుకున్నవారు నాకు తెలుసు. దరఖాస్తు ఇచ్చే రోజే "మా సంస్థ మీ పరిధిలోకి వస్తుందా" అని అడిగి తేల్చుకోండి. పాత నిబంధనల్లో ఇది ఫారం "ఎన్", 90 రోజుల గడువు. ఆలస్యమైతే తగిన కారణం రాస్తూ ఆలస్యాన్ని మన్నించమని విడిగా ఒక అర్జీ జతచేయండి. ఆసుపత్రి చీటీ, యాజమాన్యం "చూస్తాం" అంటూ రాసిన ఉత్తరం, ఇలాంటివి కారణాలకు బలం.

కోర్టు ఫీజు లేదు, వకీలు తప్పనిసరి కాదు. అయినా యజమాని తరఫున వకీలు వచ్చి సర్వీసు తేదీలనే కాదంటుంటే మీరూ ఒకరిని పెట్టుకోవడమో, యూనియన్ ప్రతినిధిని వెంట తీసుకెళ్లడమో మంచిది. వాయిదాలకు తప్పక వెళ్లండి. మీరు రాని రోజున దరఖాస్తు కొట్టివేసే వీలుంది.

ఇక్కడ యాజమాన్యాలు చెప్పే సాకులు దాదాపు ఎప్పుడూ ఒకటే.

"రాజీనామా చేశాడు, కాబట్టి రాదు." అయిదేళ్లు దాటితే రాజీనామాకూ గ్రాట్యుటీ ఉంది.

"పూర్తి, తుది పరిష్కారం అని సంతకం పెట్టాడు." చట్టం ఇచ్చిన మొత్తం కంటే తక్కువకు చేసుకున్న ఏ ఒప్పందమూ చట్టానికి అడ్డు రాదు. సంతకం పెట్టి ఉంటే దాచకండి, మీరే చెప్పండి. తీసుకున్న మొత్తాన్ని తగ్గించి మిగిలింది అడగండి.

"కంపెనీకి నష్టం చేశాడు, అందుకే ఆపాం." ఇది కాస్త జాగ్రత్తగా చూడవలసినది. ఆపాలంటే మిమ్మల్ని ఉద్యోగం నుంచి తొలగించి ఉండాలి, నష్టం ఎంతో తేలి ఉండాలి, ఆ నష్టం మేరకే కోయాలి. హింసాత్మక ప్రవర్తన, నైతిక పతనం కిందికి వచ్చే నేరం అయితే మొత్తం కూడా ఆపవచ్చు. వీటిలో రెండోదానికి క్రిమినల్ కోర్టులో శిక్ష పడి ఉండాలని గతంలో వాదించేవాళ్లం. 2025 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు, శిక్ష అవసరం లేదు, శాఖాపరమైన విచారణలో తేలినా చాలని చెప్పింది. కాబట్టి పాత తీర్పు ఒకటి పట్టుకుని ధైర్యంగా వెళ్లకండి. విచారణ నివేదిక ప్రతిని ముందు సంపాదించండి. విచారణే జరపకుండా, రిటైరైన తరువాత నోటితో "దొంగతనం" అంటున్నారా, అప్పుడు ఆ సాకుకు కాళ్లు లేవు.

"క్వార్టర్ ఖాళీ చేయలేదు." న్యాయస్థానాల్లో ఈ విషయం అటూ ఇటూ తిరిగింది. దాని మీద పోరాడటం కంటే ఖాళీ చేసి, తాళం అప్పగించిన రసీదు తీసుకోవడం తేలిక.

"ఇప్పుడు పదిమంది లేరు." ఒకసారి పదిమందితో చట్టం పరిధిలోకి వచ్చిన సంస్థ తరువాత సంఖ్య తగ్గినా బయటికి పోదు.

ఆలస్యానికి వడ్డీ అడగడం మరిచిపోవద్దు. ముప్పై రోజులు దాటితే ఏడాదికి పది శాతం సాధారణ వడ్డీ. పై ఉదాహరణలో 14 నెలలు ఆలస్యమైతే 22,050 రూపాయలు. వడ్డీ ఇవ్వడం అధికారి దయ కాదు, ఆలస్యం ఉద్యోగి తప్పు వల్ల కాకపోతే ఇచ్చి తీరాలని 2003లోనే సుప్రీంకోర్టు చెప్పింది. దరఖాస్తులో ఆ గడి ఖాళీగా వదిలితే మాత్రం అది మీ తప్పే.

యజమాని అప్పీలు చేస్తే కంగారు పడకండి. అప్పీలుకు గడువు 60 రోజులు, కారణం చూపితే మరో 60. కానీ అధికారి తేల్చిన గ్రాట్యుటీ మొత్తాన్ని డిపాజిట్ చేస్తేనే అప్పీలు స్వీకరిస్తారు. చాలా కేసులు ఈ డిపాజిట్ దగ్గరే రాజీకి వస్తాయి.

అయిదో అడుగు: పీఎఫ్ జమ కాకపోతే

పీఎఫ్ పాసుపుస్తకంలో ఖాళీ నెలలు కనిపిస్తే మొదట ఈపీఎఫ్ఓ ఫిర్యాదుల పోర్టల్‌లో నమోదు చేయండి. ప్రతి నెలా 27న జరిగే "నిధి ఆప్కే నికట్" కార్యక్రమానికి కాగితాలతో వెళ్లవచ్చు. హైదరాబాదు బర్కత్‌పురా కార్యాలయానికే అందరూ పరుగెత్తనవసరం లేదు, మీ సంస్థ కోడు ఏ ప్రాంతీయ కార్యాలయం కిందిదో చూసుకోండి.

పోర్టల్‌లో "యజమాని జవాబు ఇచ్చారు, ఫిర్యాదు ముగిసింది" అని వస్తే ఆగిపోవద్దు. విడిగా ప్రాంతీయ కమిషనరుకు లిఖితపూర్వకంగా, 7ఏ విచారణ జరపమని అడగండి. 1952 నాటి చట్టంలోని ఆ సెక్షను కింద అధికారికి సివిల్ కోర్టు తరహాలో సాక్షులను పిలిచే, రికార్డులు తెప్పించే అధికారం ఉంటుంది. మీ ఈఎస్ఐ వివరాలు, బ్యాంకు వరుస, తోటి కార్మికుల పేర్లు జతచేయండి. ఒక్కరి ఫిర్యాదు కంటే పదిమంది సంతకాలున్న ఫిర్యాదు వేగంగా కదులుతుంది. ఇది న్యాయసూత్రం కాదు, నా అనుభవం.

కాలపరిమితి విషయంలో ఇప్పుడు జాగ్రత్త అవసరం. పాత చట్టంలో ఎంత పాత బాకీ మీదైనా విచారణ మొదలుపెట్టే వీలుండేది. కొత్త స్మృతిలో తగవు పుట్టిన నాటి నుంచి అయిదేళ్ల గడువు పెట్టారు. రిటైరయ్యే దాకా ఆగి అడుగుదాం అనుకునే రోజులు పోయాయి. ఇంకా పనిలో ఉన్నవారు ఇది చదువుతుంటే ఈ వారమే పాసుపుస్తకం చూసుకోండి.

బాకీ తేలితే యజమాని మీద ఏడాదికి 12 శాతం వడ్డీ, దానిపై నష్టపరిహారపు జరిమానా పడతాయి. 2024 జూన్ నుంచి ఆ జరిమానా నెలకు ఒక శాతం. కావాలని ఎగవేశారా లేదా అన్న ప్రశ్న అక్కరలేదని 2022లో సుప్రీంకోర్టు తేల్చింది. ఈ జరిమానా మీ జేబులోకి రాదు. అయినా దాని భయమే కొందరు యజమానులను కదిలిస్తుంది.

మీ జీతంలోంచి కోసి కట్టకపోతే అది వేరే స్థాయి తప్పు. అది మీరు అప్పగించిన సొమ్ముగా చట్టం భావిస్తుంది, భారతీయ న్యాయ సంహిత 316వ సెక్షను కింద నమ్మకద్రోహం. కోత కనిపించే జీతం చీటీ ఒక్కటి ఉన్నా భద్రం చేయండి. అసలు కోయనే లేదంటే ఈ సెక్షను పనిచేయదు, 7ఏ దారే మిగులుతుంది.

కాంట్రాక్టరు కింద పనిచేసినవారిని ప్రధాన సంస్థ "మా మనిషి కాదు" అంటుంది. పీఎఫ్ విషయంలో ఆ మాట చెల్లదు. కాంట్రాక్టు కార్మికుల వాటా ముందు ప్రధాన యజమానే కట్టి, కాంట్రాక్టరు దగ్గర తరువాత రాబట్టుకోవాలి. సంస్థ అమ్ముడుపోయి చేతులు మారినా పాత బాకీకి కొన్నవాడూ జవాబుదారే. ఇంట్లో కూర్చుని బీడీలు చుట్టేవారు కూడా పీఎఫ్ చట్టం కింద ఉద్యోగులేనని 1980ల్లోనే సుప్రీంకోర్టు నిర్ణయించింది. నిజామాబాద్, జగిత్యాల ప్రాంతాల మహిళలు ఆకు, తంబాకు ఇచ్చిన పుస్తకాన్ని పారేయకూడదన్నది అందుకే.

జీతం 14,000 ఉంటే అందులో మూల వేతనం 8,000, "ప్రత్యేక భత్యం" 6,000 అని విడగొట్టి 8,000 మీదే పీఎఫ్ కట్టే ఎత్తు చాలాచోట్ల ఉంది. అందరికీ ఒకేలా ఇచ్చే భత్యం మూల వేతనంలో భాగమేనని 2019 ఫిబ్రవరి 28న సుప్రీంకోర్టు తీర్పు ఇచ్చింది. ఓవర్‌టైమ్ వంటి అదనపు పనికి ఇచ్చేది, ఇంటి అద్దె భత్యం మాత్రం ఇందులోకి రావు.

ఆరో అడుగు: పింఛనులో తగ్గిన సంవత్సరాలు

నెలవారీ పింఛను లెక్క: పింఛను వేతనాన్ని సర్వీసు సంవత్సరాలతో హెచ్చించి 70తో భాగించడం. వేతనం అంటే చివరి 60 నెలల సగటు. పదేళ్ల సర్వీసు ఉండాలి, వయసు 58. ఇరవై ఏళ్లు పూర్తిచేసి 58కి దిగినవారికి రెండేళ్లు అదనంగా కలుపుతారు. 50 నిండాక ముందే తీసుకుంటే ఏడాదికి నాలుగు శాతం చొప్పున కోత.

సులువు కోసం 2014 సెప్టెంబరుకు ముందున్న 6,500 వేతన పరిమితి కాలాన్ని పక్కనపెట్టి, సగటు 14,000 అనుకుందాం. అప్పుడు ప్రతి సంవత్సరం సర్వీసు 200 రూపాయలు. ఇరవై రెండేళ్లు చేసినవారికి రెండు కలిపి 24, నెలకు 4,800. మధ్యలో నాలుగేళ్లు యజమాని కట్టలేదని ఆ సర్వీసు తీసేస్తే 18 మిగులుతుంది, అదనపు రెండేళ్లు కూడా పోతాయి. నెలకు 3,600. పోయింది నాలుగేళ్లే, తగ్గింది ఆరేళ్ల పింఛను. బతికున్నంత కాలం, ఆ తరువాత భార్యకో భర్తకో వచ్చే కుటుంబ పింఛనులోనూ ఆ తగ్గుదల కొనసాగుతుంది.

ఇక్కడ వాదించవలసిన మాట ఒకటుంది. పథకం సర్వీసును లెక్కించేటప్పుడు వచ్చిన చందాలనే కాదు, రావలసి ఉన్న చందాలను కూడా చూస్తుంది. యజమాని ఎగవేసిన కాలం మీ సర్వీసు కాకుండా పోదు. పింఛను దరఖాస్తు అయిన ఫారం 10డీ ఇచ్చేటప్పుడే ఖాళీ నెలల జాబితా, ఆ నెలల్లో పనిచేసిన రుజువు, 7ఏ ఫిర్యాదు నకలు జతచేయండి. పింఛను ఉత్తర్వు వచ్చాక సరిదిద్దించడం సాధ్యమే గానీ రెట్టింపు తిరుగుడు.

పుట్టిన తేదీ, తండ్రి పేరు ఆధార్‌లో ఒకలా, కంపెనీ రికార్డులో ఒకలా ఉంటే అది వేరే బాధ. యజమానితో కలిసి దిద్దించుకోవాలి కాబట్టి ఆయనతో మాట తెగిపోకముందే ఆ పని చూసుకోండి.

అధిక పింఛను తగవు గురించి క్లుప్తంగా: 2022 నవంబరు 4న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పుతో, పరిమితికి మించిన అసలు వేతనం మీద చందా కట్టినవారికి ఉమ్మడి ఐచ్ఛికం (యజమాని, ఉద్యోగి కలిసి ఇచ్చే ఎంపిక) అవకాశం దొరికింది. ఐచ్ఛికం ఇవ్వకుండా 2014 సెప్టెంబరు 1కి ముందే దిగిపోయినవారికి ఆ అవకాశం లేదు. ఇందులో మీ దరఖాస్తు యజమాని వేతన వివరాలు పంపకపోవడం వల్ల తిరస్కరణకు గురైతే, తిరస్కరణ ఉత్తర్వు ప్రతి, మీరు యజమానికి రాసిన ఉత్తరాలు పట్టుకుని హైకోర్టుకు వెళ్లవలసి ఉంటుంది. ఇది సొంతంగా నడిపే కేసు కాదు, వకీలును పెట్టుకోండి.

ఏడో అడుగు: కంపెనీ మూతపడితే

దివాలా ప్రక్రియ మొదలైందని పత్రికలో ప్రకటన వచ్చిన రోజే కదలాలి. ఆ ప్రకటనలో పరిష్కార నిపుణుడి పేరు, క్లెయిములకు చివరి తేదీ ఉంటాయి. ఉద్యోగులు ఒక్కొక్కరుగా అయితే ఫారం "డి", అందరి తరఫున ఒకరైతే ఫారం "ఇ". పీఎఫ్, పింఛను, గ్రాట్యుటీ నిధుల నుంచి కార్మికులకు రావలసిన మొత్తాలు లిక్విడేషన్ ఆస్తిలో, అంటే కంపెనీని మూసి అమ్మి అప్పులవాళ్లకు పంచే ఆస్తిలో, భాగం కావని దివాలా స్మృతి 36వ సెక్షను చెప్తుంది. జెట్ ఎయిర్‌వేస్ ఉద్యోగుల కేసులో పీఎఫ్, గ్రాట్యుటీ పూర్తిగా చెల్లించాలన్న అప్పీలు ట్రిబ్యునల్ ఉత్తర్వును 2023 జనవరిలో సుప్రీంకోర్టు నిలబెట్టింది. అయితే ఆ కంపెనీ పునరుద్ధరణే విఫలమై 2024 నవంబరులో లిక్విడేషన్‌కు వెళ్లింది. హక్కు గెలవడానికీ డబ్బు చేతికి రావడానికీ మధ్య దూరం ఎంతో ఆ ఉద్యోగులను అడగాలి.

ప్రభుత్వోద్యోగులు

కేంద్ర ఉద్యోగులు కేంద్ర పరిపాలనా ట్రిబ్యునల్‌కు, మన రెండు రాష్ట్రాల ఉద్యోగులు హైకోర్టుకు వెళ్లాలి. పింఛను ప్రభుత్వ దయాభిక్ష కాదని 1982 డిసెంబరు 17న నకారా కేసులో, అది ఆస్తి హక్కు కాబట్టి చట్టం అనుమతి లేకుండా ఆపరాదని 2013లో జార్ఖండ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పింఛను తక్కువ కట్టారన్నది ప్రతి నెలా కొత్తగా జరిగే తప్పు కాబట్టి ఆలస్యంగా వెళ్లినా వింటారు. కానీ బకాయి సాధారణంగా మూడేళ్లకే పరిమితం చేస్తారు.

చివరి అడుగు: ఉత్తర్వును డబ్బుగా మార్చడం

గ్రాట్యుటీ ఉత్తర్వు వచ్చాక కూడా యజమాని కట్టకపోతే అదే అధికారికి వసూలు దరఖాస్తు ఇవ్వాలి, పాత నిబంధనల్లో ఫారం "టి". ఆయన కలెక్టరుకు ధ్రువపత్రం పంపుతారు, భూమి శిస్తు బకాయిలా వసూలవుతుంది. ఈ దశలో చక్రవడ్డీ ఉంటుంది, అసలుకు మించకుండా. ఫైలు కలెక్టరేట్ నుంచి తహసీల్దారుకు, అక్కడి నుంచి రెవెన్యూ ఇన్‌స్పెక్టరుకు దిగుతుంది, అక్కడే పడుకుంటుంది కూడా. యజమాని బ్యాంకు ఖాతా, స్థలాల సర్వే నంబర్లు, ఆయనకు బాకీ ఉన్న వ్యాపారుల పేర్లు మీకు తెలిస్తే రాసి ఇవ్వండి. జప్తు చేయవలసినవాడికి ఏం జప్తు చేయాలో తెలియాలి. పీఎఫ్ బాకీ అయితే ఈపీఎఫ్ఓ రికవరీ అధికారే బ్యాంకు ఖాతాలను నేరుగా స్తంభింపజేయగలరు. సంస్థ ఆస్తుల మీద పీఎఫ్ బాకీది మొదటి హక్కు, బ్యాంకు అప్పుల కంటే ముందు.

కేసు నడుస్తుండగా కార్మికుడు పోతే కేసు పోదు. నామినీయో వారసులో మరణ ధ్రువపత్రంతో తమ పేర్లు చేర్పించుకోవాలి. గ్రాట్యుటీ నామినేషన్ కాగితం పెళ్లికి ముందు నింపి ఉంటే అందులో అన్న పేరో తమ్ముడి పేరో ఉండవచ్చు. కుటుంబం ఏర్పడ్డాక ఆ నామినేషన్ చెల్లదు, కొత్తది ఇవ్వాలి. మా మిల్లులో చనిపోయిన ఒక స్పిన్నరు భార్య ఈ ఒక్క కాగితం కోసం పద్నాలుగు సార్లు బస్సెక్కింది. టికెట్లన్నీ దాచి తెచ్చి నా బల్ల మీద పెట్టింది. వాటిని లెక్కపెట్టింది నేనే.